శుక్రవారాల దుప్పటి

చొప్పదండిలో శంకరవ్వ ఇల్లెక్కడని అడిగితే, పవర్‌లూమ్ షెడ్లు దాటి మోత ఆగిపోయిన చోట అంటారు. ఆ వాడలో చేతిమగ్గం మిగిలింది ఆమె ఒక్కతికే. దాని మీద ఆమె నేసేది దుప్పట్లే గానీ, అడ్డపోగుగా పేకలో పడేది నూలు కాదు, మనుషుల కాలం.

ఆమె ఎడమ మణికట్టు లోపలివైపు, చర్మం కింద వడ్లగింజంత ఉబ్బు ఉంటుంది. కాలం నేసేవాళ్లకు పెట్టే గింజ అది. శంకరవ్వ కాపురానికి వచ్చిన కొత్తలో అత్త రామవ్వ దగ్గరుండి పెట్టించింది. కాలం ఇచ్చే మనిషి నాడి మీద ఆ చెయ్యి ఆనిస్తే గింజ వెచ్చబడుతుంది. వాళ్లు ఇవ్వదలచిన గంటలు ఆమె వేళ్లలోంచి దారమై దిగి కండెకు చుట్టుకుంటాయి. ఆ దారంతో నేసిన దుప్పటి మీద కూర్చున్నవాళ్లకు కాసేపు కూడా ఎన్నో రోజులంత పొడుగవుతుంది. ఇచ్చినవాళ్లకు మాత్రం, ముందు రాబోయే ఆ గంటలు రెప్పపాటులో దాటిపోతాయి. అందుకే రామవ్వ కోడలికి గట్టిగా చెప్పింది: "బంగారమసొంటి గంటలు ఎవ్వరి దగ్గర తీస్కోకు బిడ్డా. వాళ్లకు అక్కెర లేనియే అడుగు."

భర్త కైలాసం పోయాక శంకరవ్వ మగ్గం ఎక్కడం తగ్గించింది. గింజ తీయించుకుందామనీ అనుకుంది. అప్పుడే ఒక పొద్దున లక్ష్మణ్, జమున వచ్చారు. పక్క ఊరి రైతు దంపతులు. లక్ష్మణ్ దుబాయ్‌లో ఉండగా కూతురు తిరుమల పుట్టింది. ఇప్పుడు సెలవు మీద వచ్చి మొదటిసారి కళ్లారా చూశాడు. పిల్ల మాత్రం అతను చెయ్యి చాస్తే చాలు, తల్లి కొంగులో దూరి ఏడుస్తోంది.

"ఫోన్ల జూస్తే నవ్వేది పెద్దవ్వా," అన్నాడు లక్ష్మణ్. "ఎదురుంగ వస్తే బుగులు పడ్తుంది. అలవాటయ్యేటాల్లకు నేను పోవాలె."

జమున చెయ్యి ముందుకు పెట్టింది. "నా గంటలు తీస్కో."

"నీయి ఒద్దు. పసిపిల్ల తల్లివి, నీకే చాలయి." శంకరవ్వ లక్ష్మణ్ వైపు తిరిగింది. "ఆడ నీకు ఎంతకూ ఒడువని, గడ్వని గంటలేమన్న ఉన్నయా కొడుకా?"

అతను ఆలోచించాడు. "శుక్రారాలు. ఆ దినం పనుండది. మంచంల పండి పైకప్పు జూసుకుంట ఉంట. గవ్వి ఎన్నన్న తీస్కో."

శుక్రవారాలు బూడిదరంగు దారమై దిగాయి. మగ్గానికెక్కించాక తెలిసింది, ఆ దారానికి సత్తువ లేదని. పలకరించే మనిషి లేని గంటలు ఎండిపోయి ఉంటాయి. కండెను మోసే నాడె అటు వెళ్లి ఇటు వచ్చేలోపే పోగులు పుటుక్కున తెగేవి. ముడి వేసి వేసి వేళ్లు నొచ్చాయి. సగం దుప్పటి దగ్గర పని ఆగిపోయింది. దీనికి తోడుగా గట్టి పోగు పేనితే తప్ప లాభం లేదు.

శంకరవ్వ కుడిచేతి వేళ్లతో తన గింజను తనే ఒత్తింది. దీపం పెట్టాక, అన్నం తినేవరకూ ఊరికే కూర్చునే గంటలు గుర్తొచ్చాయి. ఒంటరిదాని సందెపూటలు, అవి ఎవరికి కావాలనుకుంది. తీరా దిగుతుంటే ఎర్రగా, మెత్తగా, తాడంత బలంగా ఉంది పోగు. ఆమె చెయ్యి ఆగింది. ఆ గంటల్లో తను ఊరికే కూర్చోవడం లేదు, లోలోపల కైలాసంతో మాట్లాడుతూనే ఉంది. ఆ సంగతి ఆమెకే ఇప్పుడు తెలిసింది.

కాసేపు ఆ పోగును వేళ్ల మధ్య పట్టుకుని కూర్చుంది.

"నువ్వేమనుకోకు," అంది చివరికి, గోడ మీది భర్త ఫోటోతో. "గీ వానకాలం ఒక్కటే. పసిపిల్ల గదా."

రెండు పోగులూ పేని నేసింది. మళ్లీ తెగలేదు.

దుప్పటి పూర్తయ్యాక వాళ్లను మళ్లీ పిలిపించి వాకిట్లో పరిస్తే ముగ్గురూ కూర్చున్నారు. శంకరవ్వ చాయ్ పెట్టింది. అది మరిగి పొంగేసరికి వాళ్లు లేచారు. నున్నగా గీసుకొచ్చిన లక్ష్మణ్ గడ్డం గుబురుగా పెరిగి ఉంది. తిరుమల అతని భుజం మీద నిద్రపోతోంది. పిల్ల చెయ్యి తండ్రి చొక్కా జేబులో ఉంది.

జమున మాత్రం దుప్పటిని తడిమి చూస్తోంది. "గీ ఎర్ర పోగు ఎవ్వరిది పెద్దవ్వా?"

"ఏదో కలిపిన తియ్యి."

జమున ఆమె మణికట్టు పట్టుకుంది. గింజ చుట్టూ వాచి ఉంది. "ఏ గంటలిచ్చినవ్?"

శంకరవ్వ దాచలేక చెప్పింది, కైలాసంతో మాట్లాడుకునే సందెపూటలవని.

లక్ష్మణ్ వెళ్లిపోయిన రోజు కరీంనగర్ బస్టాండులో తిరుమల బాపు కావాలని గుక్కపట్టి ఏడ్చిందట. "బిడ్డ ఏడ్తుంటే గంత సంబురపడ్డోన్ని యాడ జూడలే," అని మర్నాడు వచ్చి చెబుతూ జమున నవ్వుతూనే కళ్లు తుడుచుకుంది.

వానాకాలం వచ్చింది. శంకరవ్వ దీపం పెట్టి తిరిగేసరికి అన్నం వేళ అయ్యేది. మధ్యలో ఏమీ ఉండేది కాదు. కైలాసాన్ని పలకరించే వీలే దొరకక మనసు వెలితిగా ఉండేది.

ఒక ముసురు పొద్దున జమున పిల్లను ఎత్తుకుని వచ్చింది. "నీ సందెపూటలు మేమే పట్కపోతిమి. ఇగ పొద్దుగాల్ల మేము వస్తం," అని అరుగు మీద కూర్చుంది. తిరుమల మగ్గం కింద దూరి ఖాళీ కండెలు ఏరుకుంటోంది.

"పెద్దబాపు ఎసొంటోడుండె పెద్దవ్వా?" అని అడిగింది జమున.

కైలాసం గురించి ఆమెను అలా అడిగినవాళ్లు లేరు. శంకరవ్వ నాడె పక్కన పెట్టి, పెళ్లయిన కొత్తలో ఆయన తనను సైకిల్ మీద ధర్మపురి జాతరకు తీసుకెళ్తూ దారి తప్పిన సంగతితో మొదలుపెట్టింది.