చెల్లి గురించి సాక్ష్యం

తొంభైల చివర్లో నేను విశాఖపట్నంలో మనస్తత్వశాస్త్రం ఎం.ఏ. చదువుతుండేదాన్ని. మా పేటలో ఆ చదువేమిటో ఎవరికీ తెలియదు. "పిచ్చి డాక్టరా అమ్మా?" అని అడిగేవారు. కాదని చెప్పీ చెప్పీ విసుగొచ్చి, చివరికి అవుననేశాను.

ఫిబ్రవరిలో ప్రాజెక్టు పని మీద ఇంటికొచ్చేసరికి అందరి మొహాలూ మాడిపోయి ఉన్నాయి. చెల్లి కాలేజీ మానేసింది. చెల్లంటే పిన్ని కూతురు. పిన్ని కువైట్‌లో ఒకరింట్లో పనిచేస్తుంటే, అమ్మా అమ్మమ్మా కలిసి దాన్ని పెంచారు. ఇంటర్ రెండో ఏడు, పరీక్షలకి నెల కూడా లేదు. "చదవనంటే బలవంతం చెయ్యకండి, వీసా పంపుతాను" అని పిన్ని కబురు చేసింది. వీసా వచ్చిందంటే ఆ పిల్ల ఇక పుస్తకం ముట్టదని మా అందరికీ తెలుసు.

జరిగిందేమిటో దాని స్నేహితురాలు చెప్పింది. కాలేజీకి ఎవరో పెద్దమనిషి వస్తున్నాడు. పూలగుత్తి ఇవ్వడానికి ఒక అమ్మాయి కావాలన్నారు. చెల్లి లేచి నిలబడింది. "నువ్వు కాదు నల్లపిల్లా, పక్కనున్న అమ్మాయి రావాలి" అన్నాడట లెక్చరర్. క్లాసంతా నవ్వింది.

నాకు ఒళ్ళు మండిపోయింది. మా తాతలు కామందుల పొలాల్లో పనిచేసినవాళ్ళు. బైబిలు చదవడానికి అక్షరాలు దిద్ది, ఆ అక్షరాలతోనే టీచర్లూ నర్సులూ అయిన పేట మాది. ఆ లెక్చరర్ని కడిగేసి వద్దామని చెప్పులేసుకున్నాను. చెల్లి గుమ్మంలో అడ్డం నిలబడి, "నువ్వెళ్తే ఇంక నీతో మాట్లాడనక్కా" అంది. ఆగిపోయాను.

ఆగిపోయి అంతకన్నా పెద్ద తప్పు చేశాను. నా సంచీలో ఆత్మగౌరవాన్ని కొలిచే ప్రశ్నపత్రాలున్నాయి. ఇంగ్లీషులోంచి తెలుగు చేసినవి. ఒకటి దాని చేతికిచ్చాను. "నాలో మంచి గుణాలున్నాయి" అన్న వాక్యం పక్కన "కాదు" అని టిక్కు పెట్టింది. వరసగా అన్నిటికీ అంతే. నేను మార్కులు లెక్కవేసి, "నీకు ఆత్మగౌరవం బాగా తక్కువుంది" అని చెప్పాను కూడా! అసలే పరీక్షలంటే మొహం చాటేస్తున్న పిల్లని ఇంకో పరీక్షలో ఫెయిల్ చేశాను. తలచుకుంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది.

మళ్ళీ విశాఖ వెళ్ళినప్పుడు లైబ్రరీలో ఒక పుస్తకం దొరికింది. అమెరికాలోని నల్లజాతి మనస్తత్వవేత్తలు రాసిన వ్యాసాలు. నిలబడే సగం చదివేశాను. ఇన్నాళ్ళూ తెల్లవాళ్ళ మనసుని గజంబద్ద చేసి మమ్మల్ని కొలిచారు, పొట్టిగా ఉన్నామన్నారు, అంటారు వాళ్ళు. ఆఫ్రికాలోని మా పెద్దలకి మనిషంటే ఒంటరి మనిషి కాదు, తన వాళ్ళందరితో కలిపి మనిషి. గాయం ఒక్కరికి తగిలినా మందు అందరి మధ్యా వెయ్యాలి, అంటారు. నాలుగు పేజీలు నోటుబుక్కులో ఎక్కించుకుని ఇంటికొచ్చి అమ్మమ్మకి తెలుగులో చదివి వినిపించాను. అమ్మమ్మ వక్క నముల్తూ వింది.

"నల్లోళ్ళా? ఎంత నలుపే?"

"నీ అంత, నా అంత."

"మనకీ ఆళ్ళకీ చుట్టరికం ఏవైనా ఉందా?"

"లేదు అమ్మమ్మా."

"మరి మన సంగతి ఆళ్ళకెలా తెలిసిపోయిందే?"

నేను నోటుబుక్కు మూసేశాను. అమ్మమ్మ మాత్రం ఏదో ఆలోచనలో పడింది.

మా పేట ఆడవాళ్ళకి శుక్రవారం మధ్యాహ్నం ఉపవాస కూటం ఉంటుంది. పాటలయ్యాక ఒక్కొక్కరే లేచి, ప్రభువు తమకి చేసిన మేలు చెప్పాలి. దాన్ని సాక్ష్యం అంటారు. ఎవరి సాక్ష్యం వాళ్ళే చెప్పుకోవాలి, అది పద్ధతి. ఆ శుక్రవారం చెల్లిని రెక్క పట్టుకుని తీసుకొచ్చిన అమ్మమ్మ, "ఇయ్యాల ఎవరి గురించి ఆళ్ళు చెప్పుకోవద్దండీ. ఈ పిల్ల వల్ల మీకేం మేలు జరిగిందో చెప్పండి" అంది.

చెల్లి చాప మీద గీతలు లెక్కపెడుతోంది.

పక్కింటావిడ లేచింది. "నా కోడలు పురిటికి అమలాపురం ఆస్పత్రికెళ్తే ఈ పిల్ల తోడొచ్చిందండీ. కాయితాలన్నీ ఇదే చదివిపెట్టింది. నేనొక్కదాన్నీ అయితే ఆ మెట్ల మీదే కూలబడిపోదునండీ."

తరవాత ఇంకో ఆవిడ, కాస్త చిర్రుబుర్రులాడుతూనే లేచింది. "దీనికి నోరెక్కువండీ. నా కూతుర్ని ఎనిమిదిలో మానిపిస్తానంటే నా ఇంటికొచ్చి నామీదే అరిసింది. ఆయ్, ఏం జెయ్యనండీ, మానిపించలేదు. అది తొమ్మిదిలో ఉందిప్పుడు."

అందరూ నవ్వారు. చెల్లి తలెత్తింది. ఆ తరవాత ఎంతమంది లేచారో నాకు గుర్తులేదు. చివరికి అదే లేచి నిలబడింది. కృతజ్ఞతలు చెబుతుందనుకున్నాను.

"ఆ రోజు క్లాసులో సారు అలా అంటే అందరూ నవ్వేరండి" అంది. "నేనూ నవ్వేనండి. ఆళ్ళతో పాటు నేనూ పెద్దగా నవ్వేసేను. అందుకే మళ్ళీ ఎళ్ళలేకపోయేను."

ఇన్నాళ్ళూ ఆయన మాట దాన్ని పొడిచిందనుకున్నాను. దాన్ని తినేస్తున్నది దాని సొంత నవ్వేమో అని నా ప్రశ్నల్లో ఒక్కటీ అడగలేదు.

అమ్మమ్మ చాప మీంచి లేవకుండానే అంది: "నేనూ నవ్వేనే. కామందు పేరెట్టి పిలవకుండా ఏదో కూసినప్పుడల్లా నవ్వేదాన్ని. నీ వయసప్పుడు."

"ఆయ్, నేనూ నవ్వేనండి" అంది పక్కింటావిడ. "నేనూ" అంది ఇంకొకావిడ. నేనూ లేచాను. హాస్టల్లో నాకు పెట్టిన పేరేమిటో, దానికి నేనే ముందుగా ఎలా నవ్వేదాన్నో అంతవరకూ అమ్మకి కూడా చెప్పలేదు. ఆ రోజు చెప్పి ఏడ్చాను. చెల్లి వచ్చి నా పక్కన కూర్చుని నా చెయ్యి పట్టుకుంది.

ఆదివారం పిన్ని ఫోను చేసే రోజు. మా పేటకి దగ్గర్లోని మలికిపురంలో ఫోను బూత్ దగ్గర అందరం నిలబడ్డాం. ఎప్పుడూ అమ్మే మాట్లాడేది. ఆ వేళ చెల్లి ముందుకెళ్ళి ఫోనందుకుంది. వీసా వద్దంది, పరీక్ష రాస్తానంది. క్లాసులో జరిగింది, తను నవ్వింది, శుక్రవారం అందరూ చెప్పింది, అన్నీ గబగబా చెప్పేసింది. నేను దాని పక్కనే చెవి ఆనించి ఉన్నాను.

"నేనిక్కడ రోజూ నవ్వుతున్నానే అమ్మా" అంది పిన్ని. "నువ్వెళ్ళి పరీక్ష రాయి."