తడి ఆరని వైండింగ్

ఊళ్ళో ఆయన్ని చుట్టలాయన అంటారు. జన్మలో చుట్ట కాల్చి ఎరగడు. మాడిన మోటార్లు విప్పి, కాలిన తీగ పీకి, కొత్త రాగితీగ చుట్టలు చుట్టి బిగించడం ఆయన పని. ఇంటి ముందు రేకుల పంచ, అందులో చెక్కబల్ల, ఉలి, సుత్తి, వార్నిష్ కంపు. చుట్టుపక్కల బావుల్లో నీళ్ళు పైకొస్తున్నాయంటే సగం ఆయన చలవే.

ముందు ఊరి మోటార్లు, తర్వాతే తనది అంటాడని ఆయన మంచి మనసును అందరూ మెచ్చుకుంటారు. అందులో మనసెంతో ఆయన భార్యకు తెలుసు. ఎదుటి మనిషి మొహాన ‘కాదు’ అనలేడు, అంతే. ఆ మొహమాటం వల్ల లాభపడ్డవాళ్ళే దానికి త్యాగమని పేరు పెట్టారు.

ఆ ఏడు వరి కంకి పాలు పోసుకుంటున్న వేళ ట్రాన్స్‌ఫార్మర్ దెబ్బతింది. రెండు రోజుల కుంటి కరెంటుకి మూడు మోటార్లు మాడాయి. మూడోది ఆయనదే. ఉన్నది ఒక్క ఎకరం. ఆ దశలో తడి తప్పితే కంకి నిలబడే ఉంటుంది, గింజ మాత్రం తాలు. రైతే రాజని పాడేవాళ్ళు ఈ రాజుగారి కొలువును స్టార్టర్ పెట్టె దగ్గర చూడాలి.

మొదట వచ్చింది పక్క పొలం బావ, అంటే భార్యకు అన్న.

“నాది ముందు చూడు బావా. నీదేముంది, ఇంట్లోనే వైద్యుడివి.”

“సరే, దించు.”

“మా చేను నెర్రెలిస్తోంది అన్నయ్యా, చూశావా?” అంది భార్య.

“చూశానమ్మా. మీ ఆయన చెయ్యి పెడితే ఎంతసేపు?”

దానికి రోజున్నర పట్టింది. తర్వాత పాలవాడిది. నాలుగో రోజు పొద్దున సొంత మోటారు విప్పాడు. మధ్యాహ్నానికి ఉన్న రాగితీగంతా చుట్టేసి వార్నిష్ పోశాడు. అది ఒక రోజంతా ఎండలో ఆరాలి. పచ్చి వార్నిష్ మీద స్విచ్ వేస్తే మళ్ళీ తన గడప తొక్కొద్దని వచ్చినవాళ్ళందరికీ చెప్పేవాడు.

భార్య చేలోంచి వచ్చింది. “ఆకు చుట్టుకుపోయింది.”

“రేపటికి ఆరిపోతుంది.”

“నాకెందుకు చెప్తావు? వెళ్ళి వరికి చెప్పు.”

వార్నిష్‌ను వేలితో తాకి చూశాడు. అంటుకుంది. పైపైన ఆరిందిలే అనుకున్నాడు. ఇంకొకరి మోటారైతే అలా అనుకునేవాడు కాదు.

మోటారును బావి దగ్గరికి మోసుకెళ్ళి బిగించాడు. ఆ రోజే నాలుగింటికి కరెంటు వచ్చింది. రోజుకు గంటన్నరే ఇస్తున్నారు. స్టార్టర్ నొక్కగానే నీళ్ళు పడ్డాయి. భార్య పార పట్టుకుని కాలవ వెంట పరుగెత్తింది. మొదటి మడి సగం తడిసిందో లేదో మోటారు గొంతు మారింది. ఆయన చెయ్యి స్టార్టర్ దాకా వెళ్ళేలోపే పొగ వచ్చింది.

భార్య పార కింద పడేసింది. ఆయనే గట్టు దాటి వెళ్ళాడు.

“బావా, ఒక అరగంట నీళ్ళు మావైపు మళ్ళించు.”

“నా కింది మడే ఇంకా తడవలేదు. రేపు చూద్దాంలే.”

“రేపటికి లాభం లేదు.”

“నన్నేం చెయ్యమంటావు చెప్పు. కాస్త ఆరనివ్వాల్సింది. మాకు చెప్పేవాడివి నువ్వేగా.”

అది నిజమే. గట్టు మీద నిలబడి బావ మోటారు చప్పుడు విన్నాడు. తను చేసిన పని. వంక పెట్టడానికి లేదు.

పట్నం నుంచి రాగితీగ రావడానికి మూడు రోజులు పట్టింది. ఆ తీగ పంచలో పెట్టి ఇద్దరూ చేలోకి వెళ్ళారు. భార్య ఒక కంకి తుంచి గింజను గోటితో నొక్కింది. పొట్టు చిట్లింది. లోపలేమీ లేదు. ఇంకో మడిలో నొక్కింది, ఆ పక్క మడిలో నొక్కింది.

“కోసేద్దాం. పచ్చగా ఉండగా గేదైనా తింటుంది,” అంది.

తడిసిన సగం మడి చూపించాడు ఆయన. “దీన్నైనా ఉంచుదామా?”

“ఉంచు. పిట్టలకి అవుతుంది,” అంటూ ఆమె వంగి మొదటి పిడికిలి పట్టి కొడవలి వేసింది.