పూజగదిలో నేను, బల్ల దగ్గర అతను

రైల్వేలో సిగ్నల్ మెకానిక్‌గా ముప్పై ఏళ్లకు పైగా పనిచేశాను. మా ఉద్యోగంలో కళ్లే సర్టిఫికెట్. కొన్నేళ్లకోసారి డాక్టరు రంగురంగుల చుక్కలున్న పుస్తకం ముందు పెట్టి, ఆ చుక్కల మధ్య దాగిన అంకె చదవమనేవాడు. ఆ రోజు తోటివాళ్లంతా పొద్దుటి నుంచీ గాభరాగా తిరిగేవారు. నేను మాత్రం పేజీ పూర్తిగా తెరవకముందే చెప్పేసేవాణ్ని. ఆ పొగరు రిటైరయ్యాక కూడా తగ్గలేదు. ఎందుకు తగ్గాలి?

చిలకలగూడలో మా కింది వాటాలో ఉండే అతను నాకన్నా బాగా చిన్నవాడు. పుట్టి పెరిగింది ఇక్కడే, బేగంపేటలో ఆఫీసు ఉద్యోగం. మేము విజయనగరం వైపు నుంచి వచ్చినవాళ్లం. నన్ను అన్నా అంటాడు, మా ఆవిడను వదినా అంటాడు. నేను ఒకే పేపరు మూడుసార్లు చదువుతూ, ఆవిడ వంటకు వంకలు పెడుతూ కాలక్షేపం చేస్తున్న రోజుల్లో, అగ్గిపెట్టె కన్నా కాస్త పెద్ద బోర్డొకటి పట్టుకుని పైకొచ్చాడు.

"అన్నా, దీంట్ల ప్రోగ్రాం ఎక్కిస్తె ఏం చెప్తె అది చేస్తది. ప్రోగ్రాం సంగతి నాకు ఇడిసెయ్, ఫోన్ల ఏఐ రాసిస్తది. ఈ వైర్లు జోడించుడే నాతోని కాదు," అన్నాడు.

అలా షురూ అయింది. ప్రతి ఆదివారం టిఫిన్లయ్యాక మా భోజనాల బల్ల మాదైపోయేది. అతను ఫోన్‌లో నోటితోనే చెప్పేవాడు, ట్యాంకు నిండేసరికి గంట మోగాలని. ఏఐ ప్రోగ్రాం రాసి, ఏ తీగ బోర్డు మీది ఏ కాలికి కలపాలో కూడా చెప్పేది. అతను చదివితే నేను కలిపేవాణ్ని. మొదట్లో నాకు ఆ ఏఐ అంటే ఒళ్లు మంట. స్క్రూడ్రైవరు పట్టుకోని వాడు నాకు చెప్పేదేమిటని. కానీ ట్యాంకు గంట మోగింది. డాబా మీది కుండీలకు మట్టి ఎండినప్పుడల్లా నీళ్లు వాటంతటవే పడ్డాయి. ఇంటికి ఎవరొచ్చినా అతను నన్ను చూపించి, "మనది ఒట్టి టైపింగే. చెయ్యి మాత్రం అన్నది," అనేవాడు. నేను వినపడనట్టు నటించి, వినేవాణ్ని.

ఈ పనిలో రెసిస్టర్లని చిన్న ముక్కలుంటాయి. బియ్యపుగింజ కన్నా కొంచెం పెద్దవి, రంధ్రాల్లో గుచ్చితే చాలు. వాటి మీద సన్నటి రంగు గీతలుంటాయి, ఆ గీతల్ని బట్టే ఏది ఎంతటిదో తెలుస్తుంది. మీటరు పెట్టి కూడా చూసుకోవచ్చు. ఒకసారి అతను, "మీటర్ పెట్టి సుత జెర చూద్దామా అన్నా," అన్నాడు. "నాకు మీటరేటి? నా కళ్లకు పరీక్ష పెడతావా?" అని కసిరాను. మళ్లీ ఆ మాట ఎత్తలేదు.

నాకొక అలవాటుంది. ఏ యంత్రానికైనా మొదటిసారి కరెంటు ఇచ్చే ముందు కాళ్లూ చేతులూ కడుక్కుని, పూజగదిలో అగరొత్తి వెలిగించి, కుంకుమ తెచ్చి బొట్టు పెట్టాలి. సిగ్నల్ గదిలో మా పెద్ద మేస్త్రీ నేర్పిన పద్ధతి. నేను పూజగదిలోకి వెళ్లబోతుంటే అతను బోర్డును ఫోటో తీసుకునేవాడు. యాద్గార్ కోసం, గుర్తుగా ఉంటుందని అనేవాడు. నేను కుంకుమ భరిణెతో తిరిగొచ్చేసరికి బుద్ధిగా చేతులు కట్టుకుని కూర్చుని ఉండేవాడు. బొట్టు పెట్టి స్విచ్ వేస్తే పచ్చ దీపం వెలిగేది. ఒక్కసారంటే ఒక్కసారి కూడా వెలగకపోవడమన్నది లేదు. సగం దేవుడి దయ, సగం నా పనితనం అనుకునేవాణ్ని. నిజం చెప్పాలంటే సగం కన్నా ఎక్కువే నాది అనుకునేవాణ్ని.

ఒక ఆదివారం గ్యాస్ సిలిండర్ వచ్చిందని కింద నుంచి పిలుపొస్తే, "ఈ వైర్ల బొమ్మ చూసుకుంట కలుపు అన్నా, ఇప్పుడే వస్తా," అని ఫోన్ నా ముందు పెట్టి దిగిపోయాడు. బొమ్మ పక్కకు జరిగింది. దాన్ని వెతుకుతూ పైకి జరిపాను. మరీ పైకి, ఏఐతో అతని పాత మాటల్లోకి వెళ్లిపోయాను.

నా బోర్డు ఫోటో కనపడింది. దాని కింద అతను ఇంగ్లిషు అక్షరాల్లో కొట్టిన తెలుగు. కూడబలుక్కుని చదివాను. "మా అన్నకు రంగులు సరిగ కనవడ్తలేవు. ఏ రెసిస్టర్ తప్పు పెట్టిండో జల్ది చెప్పు. ఆయన పూజ చేసి వచ్చెలోపు మార్చాలె."

దానికి ఏఐ జవాబు: ఎడమ నుంచి రెండోది తప్పు, మూడో గీత ఎరుపు ఉండాలి, నారింజ ఉంది. ఇంకా పైకి వెళ్లాను. ఇంకో ఫోటో, ఇంకో తప్పు. కిందటి వానాకాలం దాకా వెళ్లింది ఆ వరస. ఒకచోట ఏఐ చెప్పింది, ఇలా రంగులు తేడాగా కనపడటం కంటి జబ్బు కావచ్చు, ఆయనకు చెప్పి డాక్టరుకు చూపించమని. అతని జవాబు: "వదినను అడిగిన. చెప్పొద్దన్నది."

నేను దేవుడికి దణ్ణం పెట్టుకుంటుంటే, నా వెనక నా పని విప్పి మళ్లీ కట్టారు. బొట్టు పెట్టించి చప్పట్లు కొట్టారు. పసిపిల్లాణ్ని ఆటలో గెలిపించినట్టు గెలిపించారు. నేను మొదట్లో తిట్టుకున్న ఆ యంత్రం ఒక్కటే నాకు నిజం చెప్పమంది.

వంటింట్లోకి వెళ్లి అడిగాను. ఆవిడ స్టవ్ తగ్గించింది. "చెబితే ఆ బల్ల దగ్గర కూర్చోవడం మానేస్తారు. మళ్లీ పేపరు పట్టుకుని గోడకేసి చూస్తారు. అలాగ చూడలేకపోయానండీ," అంది. పండిన టమాటాలు ఏరి తెచ్చే పని నా చేతిలోంచి ఎందుకు పోయిందో, నా చొక్కా ఆవిడే ఎందుకు తీసిపెడుతోందో అప్పుడు తెలిసింది.

అతను పైకొచ్చాడు. నా చేతిలో ఫోన్ చూసి గుమ్మంలోనే ఆగిపోయాడు. "నీకు తక్లీఫ్ అయితదని చెప్పలే అన్నా," అన్నాడు. ఫోన్ ఇచ్చి తలుపు వేసుకున్నాను.

ఆ వారమే కంటి డాక్టరు దగ్గరికి వెళ్లాను. కంటి వెనక నరం దెబ్బతింటోందట. ఉన్న చూపు మందులతో కాపాడతానన్నాడు. పోయినది రాదన్నాడు. "ఎప్పటి నుంచి ఇలా ఉంది? ఇంకొంచెం ముందు రావాల్సింది," అని ఆయన అడుగుతుంటే మా ఆవిడ పక్కనే కూర్చుని చీర కొంగు మెలిపెడుతోంది. వాళ్లు నా మనసు కాపాడదామనుకున్నారు. నా కళ్ల సంగతి ఇంకెవరి చేతుల్లోనూ పెట్టేవాణ్ని కాదు, కాని నాకు తెలియకుండానే వాళ్లిద్దరి చేతుల్లో పెట్టాను. ఆ కోపం ఇప్పటికీ చల్లారలేదు. మీటరు మాట అతను ఎత్తిన రోజు గుర్తొచ్చినప్పుడు మాత్రం కొంత నా మీదికి మళ్లుతుంది.

మూడు ఆదివారాలు అతను రాలేదు. నాలుగో ఆదివారం నేనే పిలిచాను. బల్ల దగ్గర ఎదురుగా కూర్చున్నాడు. మా ఆవిడ వంటింటి గుమ్మంలో నిలబడింది. డబ్బాలోంచి ఒక రెసిస్టర్ తీసి నా అరచేతిలో పెట్టుకుని చూపించాను.

"మూడో గీత ఏం రంగు? ఈసారి నిజం చెప్పు," అన్నాను.

చెప్పే ముందు అతను వదిన ముఖం వైపు చూశాడు.