ఎండు మెత్తళ్లు

మా ఆయన నిద్రలో మాట్లాడేవారు. పోర్టులో క్రేన్ ఆపరేటరు. నైట్ డ్యూటీ దిగి వచ్చి పగలంతా పడుకునేవారు. కిటికీలోంచి బొగ్గు దుమ్ము వచ్చి దుప్పటి మీద పల్చగా పరుచుకునేది. దూరంగా ఓడ కూసినప్పుడల్లా ఏదో అనేవారు. నీళ్లొస్తున్నాయి, అందరూ ఎక్కండి, ఎవర్నీ వదలకండి. నాకవి డ్యూటీ మాటల్లాగే వినిపించేవి. ఆయనతోపాటు పనిచేసే స్నేహితుడు ఒకరోజు గుమ్మంలో నిలబడి విన్నాడు. చెప్పులు విడిచి, గుళ్లో కూర్చున్నట్టు నేలమీద కూర్చున్నాడు. తర్వాతి వారం ఇంకో నలుగురిని వెంటబెట్టుకొచ్చాడు.

ఏడాది తిరిగేసరికి పెరట్లో రేకుల షెడ్డు లేచింది. ఆయన స్వామి అయ్యారు, నేను అమ్మనయ్యాను. పరవాడ నుంచి, అచ్యుతాపురం నుంచి కంపెనీ బట్టలతోనే వచ్చేవారు జనం. స్వామి చెప్పారని నీచు మానేశారు. స్వామి మానలేకపోయారు. మధ్యాహ్నం అందరూ వెళ్లాక నేను వంటింటి తలుపు వేసి ఎండు మెత్తళ్లు వేయించేదాన్ని. చేపల వాసన పోవడానికి సాంబ్రాణి వేసేదాన్ని. పదిహేనేళ్లు అలాగే గడిచాయి. మా ఇద్దరికే అని మిగిలింది ఆ అరగంట.

ఈ వేసవిలో ఒక ఉదయం ఆయన లేవలేదు. ఛాతీ మీద చెయ్యి వేస్తే చల్లగా ఉంది. స్వామి యోగనిద్రలో ఉన్నారని శిష్యులు అన్నారు. షెడ్డులోనే కూర్చోబెట్టి సమాధి చేశారు. నేను బొట్టు తియ్యకూడదన్నారు, ఏడవకూడదన్నారు. రోజూ పొద్దున్న ఆయన ఖాళీ కుర్చీ పక్కన కూర్చోవాలన్నారు. ఆయన నిద్ర నాకు తెలుసు. గురక, పళ్లు కొరకడం, ఆ మాటలు. ఇది నిద్ర కాదని ఎవరితో చెప్పను? తొమ్మిది రోజులు ఎవరి కలలోనో ఉన్నట్టు కూర్చున్నాను.

పదో రోజు ఆయన చెల్లెలు వచ్చింది. గుమ్మంలోనే కేకలేసింది.

"ఏటి మీ గోల? మా అన్నకి పదో రోజు సెయ్యరా?"

శిష్యులు తమలో తాము మాట్లాడుకున్నారు. చివరికి ఆ స్నేహితుడే అన్నాడు. "సరే, ముద్ద పెట్టండి. కాకి ముడితే స్వామి పోయినట్టు. ముట్టలేదంటే ఉన్నట్టే."

డాబా మీద ఆకు వేసి అన్నం, పప్పు, పాయసం పెట్టారు. హార్బరు వైపు దుమ్మూ ఎండా కలిసిపోయి, ఓడలు గాల్లో ఆగినట్టున్నాయి. కాకులు పిట్టగోడ మీద వాలి, ఆకు వైపు చూసి, అలాగే ఉండిపోయాయి. శిష్యుల కళ్లు తడయ్యాయి.

"చూశారా అమ్మా! స్వామి ఎక్కడికీ వెళ్లలేదు."

ఆ ముఖాల్లో అంత సంతోషం చూసి ఊరుకుందామనిపించింది. ఊరుకుంటే బతికినన్నాళ్లూ ఆ కుర్చీ పక్కనే. నోరు తెరిస్తే ఆయన పరువు పోతుంది.

ఆడపడుచు నా చెవిలో అంది. "పప్పు ఎడితే మా అన్న వత్తాడేటి వదినా? సిన్నప్పుడు పప్పు సూత్తే పారిపోయేవోడు."

కిందికి దిగాను. చింతపండు జాడీ వెనక డబ్బా తీసి, మిగిలిన మెత్తళ్లన్నీ వేయించాను. తలుపు వెయ్యలేదు. సాంబ్రాణి వెయ్యలేదు. వాసన నాకంటే ముందే మెట్లెక్కింది. ఆకు మీద పెట్టి వెనక్కి జరిగాను. ఒక కాకి దిగింది. తర్వాత అన్నీ దిగాయి.

స్నేహితుడు ఆకు వైపే చూశాడు.

"ఎన్నాళ్ల నుంచమ్మా?"

"మొదట్నుంచీ."

అతను గోడకి ఆనుకుని కూలబడ్డాడు. "నాకో ముక్కైనా పెట్టలేదే బావ," అన్నాడు. స్వామి అయ్యాక ఆయన్ని అలా ఎవరూ పిలవలేదు. మళ్లీ అడిగాడు. "అయితే సచ్చిపోనాడా బావ?"

"పోయారన్నయ్యా," అన్నాను.

ఆ మాట అనగానే ఏడుపొచ్చింది. వద్దని ఎవరూ అనలేదు.