బాపు సెలవిచ్చిన బొమ్మలు

ఆ రోజుల్లో డిగ్రీ అయిపోయి ఉద్యోగం దొరకని నాలాంటి వాడికి బెల్లంపల్లిలో ఉన్న పనల్లా ఊరికే తిరగడమే. ఇంట్లో కూర్చుంటే బయటికి పోవాలనిపించేది, బయటికి పోతే ఇంటికి రావాలనిపించేది. "కాళ్లల్ల ఏం పురుగున్నదిరా నీకు?" అనేది నన్ను కన్న అవ్వ. ఆ పురుగు సాయంత్రం ఒక్క అరగంట మాత్రం నిద్రపోయేది, టీవీలో ఇంగ్లీషు కార్టూన్ బొమ్మల కామెడీ వచ్చినప్పుడు. అందులో బానపొట్ట తండ్రి అందరి ముందూ త్రేన్చేవాడు, పిల్లలు ఎదురు తిరిగేవారు, మంత్రికీ మతగురువుకీ కూడా మర్యాద దక్కేది కాదు. (మోటు హాస్యమే. కానీ ఊరంతా "నౌకరి ఎప్పుడు?" అని అడుగుతుంటే, ఎవరినీ లెక్కచేయని ఆ ఇల్లే నాకు హాయిగా ఉండేది.)

బాపు, అంటే మా నాన్న, బొగ్గు బాయిలో కార్మికుడు, చర్చిలో పెద్ద. ఇంట్లో సినిమా వద్దు, సీరియల్ వద్దు. "బొమ్మలైతే సూడుండ్రి, బొమ్మలల్ల పాపమేముంటది? ఇంకేదన్న గలీజు కనవడితే మాత్రం డబ్బా తీసి అవతల పారేస్త" అని తీర్పు చెప్పాడు. ఆయనకు ఇంగ్లీషు రాదు. ఆ ధైర్యం మీదే నా బతుకు గడిచిపోయేది.

ఒక బుధవారం మా ఇంట్లో ప్రార్థన కూడిక. అందరికంటే ముందే పాస్టరు అయ్యగారు వచ్చి కూర్చున్నారు. (ఆయనకు ఇంగ్లీషు మహా బాగా వచ్చు.) "అరే, జనం వచ్చేదాక అయ్యగారికి జర బొమ్మలు పెట్టు" అన్నాడు బాపు.

"కరెంటు సక్కగ లేదు బాపూ" అన్నాను. నెత్తిమీద ఫ్యాన్ గిర్రున తిరుగుతోంది. బాపే లేచి పెట్టాడు.

సరిగ్గా ఆ రోజే బొమ్మల్లోని మతగురువు తన ప్రసంగానికి తానే గురకపెట్టి నిద్రపోవాలా! వినేవాళ్లు ఒక్కొక్కరే కిటికీలోంచి దూకి పారిపోతున్నారు. ఓర్నాయనో, ఇక టీవీ పోయినట్టే! కూర్చోలేను, నిలబడలేను. మంచినీళ్లకని వంటింట్లోకి పోయి ఉత్త చేతులతో తిరిగొచ్చాను. అయ్యగారి మొహం ఎర్రబడింది, భుజాలు కదిలాయి. దస్తీ నోటికి అడ్డం పెట్టుకున్నా ఆగక ఫక్కుమన్నారు.

"ఏమంటుండు అయ్యగారూ, గాయన?" అన్నాడు బాపు.

నేను తలుపు వైపు ఒక అడుగు వేశాను.

"ప్రసంగం పొట్టిగ చెయ్యుమంటుండు" అన్నారాయన కళ్లు తుడుచుకుంటూ.

ఆ రోజు చాయ్ చల్లారకముందే కూడిక ముగిసింది. మంచి బొమ్మలేనని బాపు నలుగురికీ చెప్పాడు.

ఇప్పుడు కరీంనగర్‌లో నౌకరీ. ఆ బొమ్మలు ఇంకా వస్తూనే ఉన్నాయి. వాటిలోని పిల్లలకు ఒక్క ఏడూ పెరగలేదు, పెరిగిందంతా నా పొట్టే. మొన్న చూస్తూ నవ్వుకుంటుంటే, బడికి పోయే మా బిడ్డ తెర మూలనున్న వయసు గుర్తు చదివి, "డాడీ, గిది పెద్దోళ్లదట. నేనున్నప్పుడు పెట్టకు" అంది. ఫోన్ పట్టుకుని మేడెక్కాను. వద్దనే బాపు లేడు, కాపాడే అయ్యగారూ లేరు. దొరికిపోతానన్న భయం లేకుండా నవ్వితే ఆ నవ్వుకు రుచేది? అందుకే ఒక చెవి మెట్ల వైపు వేసి కూర్చుంటాను, మా బిడ్డ పైకి వస్తుందేమోనని.