వాగు గట్టు అని రాసిన చీటీ

మా అత్తయ్య రోజూ టీ తాగకముందే మొక్కల కింద కాగితాలు మారుస్తుంది. రెండు చెక్కపలకల నడుమ, పాత పేపర్ల మడతల్లో, ఆకులూ వేళ్ళూ పరుచుకుని ఆరుతుంటాయి. చెమ్మగిల్లిన పేపరు తీసి పొడిది పెట్టకపోతే బూజు పడుతుంది. పెట్టబోయే ముందు ఊరి వార్తల పేజీ ఒకసారి చూస్తుంది. అందులో మేడమ్ ఫొటో ఉంటే, ఆ పేజీని పాలు కారే మొక్క కింద వేస్తుంది.

"నీ కడుపుమంట మీద పెడితే గంటలో ఆరిపోతాయి కదే, ఈ పేపర్లెందుకు?" అంటాడు మావయ్య.

"మీరు ఊరుకోండి, మీకేం తెలుసు!"

మేడమ్ అంటే కాలేజీలో వృక్షశాస్త్రం చెప్పిన లెక్చరర్. అత్తయ్య అక్కడే ల్యాబ్ అసిస్టెంటు. ఇరవై తొమ్మిదేళ్ళు గుట్టలెక్కి, ముళ్ళు గీరుకుని, మొక్కలు తెచ్చి, ఆరబెట్టి, అట్టల మీద కుట్టింది అత్తయ్య. అట్ట మూలన అంటించే చీటీలో 'సేకరించినవారు' అన్నచోట మాత్రం మేడమ్ పేరుండేది. ఆవిడ గుట్ట కింద జీపులోనే కూర్చునేవారు. చాకిరీ ఒకరిది, చప్పట్లు ఇంకొకరివి. చివరికి మేడమ్ గుండ్రటి చేతిరాత చూసినా అత్తయ్యకి ఓర్వలేనితనమే. ఆ అక్షరాలు ఇంట్లో దొంగచాటుగా దిద్దుకునేదని మావయ్య చెప్పాడు.

ఒక వానాకాలం అత్తయ్యకి పాత పంపుహౌస్ గోడ పగుల్లో అరచేయంత ఫెర్న్ కనబడింది. ఒకప్పుడు ఊరంతటికీ నీళ్ళు తోడిన ఇటుక భవనం అది. అలాంటి మొక్కని చుట్టుపక్కల ఎవరూ చూడలేదు. మొదటిసారి చీటీ మీద తన పేరు రాసుకుంది. 'దొరికిన చోటు' దగ్గర చెయ్యి ఆగింది. తెలిస్తే మేడమ్ వెళ్ళి చూస్తారు, చూస్తే వ్యాసం రాస్తారు, రాస్తే అది ఆవిడదైపోతుంది. 'వాగు గట్టు' అని రాసింది.

ఆ చీటీ నమ్మి మేడమ్ మూడు వానాకాలాలు వాగు గట్టంతా గాలించారు. మూడోసారి జారిపడి మోకాలు పాడుచేసుకున్నారు. "అయ్యో పాపం" అంది అత్తయ్య అందరితో పాటు. ఆ పూట అన్నం తినలేదు. చీటీ మాత్రం దిద్దలేదు.

ఇద్దరూ రిటైరయ్యాక, కార్లు నిలపడానికి పంపుహౌస్ కూల్చేస్తామని మునిసిపాలిటీ ప్రకటించింది. అత్తయ్య సంతకాల కాగితాలు పట్టుకుని వీధివీధీ తిరిగి, కూల్చొద్దనే కమిటీ ఒకటి నిలబెట్టింది. దానికి అధ్యక్షురాలు ఎవరంటే, అందరూ మేడమ్ పేరే చెప్పారు. అత్తయ్య కూడా చెయ్యెత్తింది, పళ్ళు కొరుక్కుంటూ. గోడ పగుల్లో అరుదైన ఫెర్న్ ఉందని అత్తయ్య కమిటీకి చెప్పింది, పాత అట్ట ఊసు మాత్రం ఎత్తలేదు. ఎవరైనా వెళ్ళి చూసేలోగా కాంట్రాక్టరు మనుషులు ఫెర్న్‌తో సహా గోడలన్నీ గీకేశారు.

"వేళ్ళు పగుళ్ళలోనే ఉంటాయి, వానకి మళ్ళీ లేస్తుంది" అన్నారు మేడమ్.

"ఆ అరుదైన మొక్క ఈ గోడలోనే ఉండేదని పాత రుజువు తెండి, కూల్చొద్దని నేనే పైకి రాస్తా. లేదంటే సోమవారం మిషన్ వస్తుంది" అన్నాడు మునిసిపాలిటీ ఇంజినీరు.

రుజువు ఒక్కటే ఉంది. శుక్రవారం అత్తయ్య ఆ ఫెర్న్ అట్టని ఇంజినీరు బల్ల మీద పెట్టింది. మేడమ్ పక్క కుర్చీలోనే ఉన్నారు.

"ఇందులో వాగు గట్టు అని ఉంది కదమ్మా?"

"అబద్ధం రాశానండీ. పంపుహౌస్ గోడలోనిదే."

"ఎందుకు రాశారు?"

అత్తయ్య మేడమ్ మోకాలి వైపు చూసింది. "ఈవిడకి దొరక్కూడదని."

వెనక కమిటీవాళ్ళలో ఎవరో కిసుక్కుమన్నారు.

"ఇప్పుడు మాట మారిస్తే నమ్మాలా? బిల్డింగు కోసం ఏమైనా చెప్తారు" అన్నాడు ఇంజినీరు.

మేడమ్ అట్టని తన ముందుకు లాక్కున్నారు. భూతద్దం తీసి వేరు మీద పెట్టి చాలాసేపు చూశారు.

"ఇంజినీరు గారూ, మీరూ చూడండి. వేరుకి పట్టుకున్న ఈ తెల్లటి పెళ్ళ సున్నం గార. పక్కనే ఇటుక పొడి. వాగు గట్టున గోడ ఎవరు కట్టారు, మీ డిపార్ట్‌మెంటా? ఈవిడ వేళ్ళు కడక్కుండా ఏ మొక్కనీ అట్టెక్కించదు. ఇదొక్కటే కడగలేదు. ఎవరి కంటైనా పడుతుందని కంగారుపడి ఉంటుంది."

ఇంజినీరు చూశాడు. రెండుసార్లు చూసి, కాగితం తీసి రాయడం మొదలుపెట్టాడు.

బయట మెట్ల మీద మేడమ్ అత్తయ్య భుజం పట్టుకుని దిగారు.

"మూడేళ్ళు నన్ను బురదలో తిప్పావన్నమాట."

"తప్పే మేడమ్ గారూ."

"తప్పే. నా మోకాలికి రోజూ గుర్తొస్తుంది." ఇంకో మెట్టు దిగి ఆగారు. "చీటీలో చోటు దిద్దు. పేరు అలాగే ఉంచు."

అంతటితో కుళ్ళు పోయిందనుకుంటే పొరపాటే. మర్నాడు పేపర్లో భూతద్దం పట్టుకున్న మేడమ్ ఫొటో వచ్చింది. అత్తయ్యది మోచెయ్యి ఒక్కటే పడింది. ఆ పేజీ తిన్నగా జిల్లేడు కిందికి వెళ్ళింది.

పంపుహౌస్ నిలిచింది. తొలకరికి ఫెర్న్ మళ్ళీ మొలిచింది. అత్తయ్యకి ఇప్పుడు అరవై ఆరేళ్ళు. మేడమ్ మోకాలు మెట్లెక్కనివ్వదు కాబట్టి, వారానికోసారి పై గోడ పగుళ్ళలో ఏం మొలిచిందో అత్తయ్య ఎక్కి చూసి చెబుతుంది, ఆవిడ కింద కుర్చీలో కూర్చుని రాసుకుంటారు.