మూడో రీలు

ఆ ప్రొజెక్టర్ ఆపరేటర్‌కి ఉన్నది ఒకే ఒక్క జబ్బు. ఇంటర్వెల్ అయ్యాక తొమ్మిదో రీలు ఎక్కించాల్సింది పోయి, మూడో రీలే మళ్లీ ఎక్కించేవాడు. అందుకే ఊరంతా ఆయన్ని మూడో రీలు అని పిలిచేది.

పోనీ అన్ని సినిమాలకూనా అంటే, కాదు. ఆదివారం మార్నింగ్ షోలో ఏళ్ల తరబడి ఆడుతున్న ఆ పాత హిందీ సినిమాకే. హీరో ఇస్త్రీ బట్టల మూట తప్పు ఇంట్లో ఇచ్చేసి, ఆ ఇంటి పిల్లమీద మనసు పారేసుకుంటాడు. మూడో రీల్లో డాబామీద ఆరేసిన దుప్పట్ల మధ్య ఇద్దరూ పాట పాడుకుంటారు. హిందీ ముక్క రానివాళ్లు కూడా గొంతు కలిపేవారు. మాటలన్నీ తప్పులే, రాగం మాత్రం ఎక్కడా తప్పేది కాదు.

"ఏమయ్యా, మళ్లీనా?" అని మేనేజర్ మెట్లెక్కి అరిచేవాడు.

"పొరపాటైంది సార్."

"పదకొండేళ్లుగా ఒకటే పొరపాటా?"

"నాకు వేరే పొరపాట్లు రావు సార్."

టికెట్ల కౌంటర్ అమ్మాయికి ఆయనంటే జాలి. పాపం, బాబాయ్‌కి మతి సరిగ్గా లేదనుకునేది. ఇంటర్వెల్ దాకా కౌంటర్ వదలకూడదు కాబట్టి, ఆ తర్వాతే వచ్చి వెనక వరసలో కూర్చునేది.

ఆఖరి ఆదివారం వచ్చింది. మర్నాటి నుంచి హాలు కూల్చేస్తారు. పొద్దుట్నించీ ఒకటే ముసురు, గోడలు చెమ్మెక్కి పెచ్చులూడుతున్నాయి.

"ఈ ఒక్కరోజైనా సరిగ్గా వెయ్యి. లేదంటే, బజార్లో కట్టిన కొత్త హాలువాళ్లకి నీ గురించి ఉత్తరం రాయను," అన్నాడు మేనేజర్. అరవై దాటిన మనిషికి ఆ ఉత్తరం లేకపోతే ఇంకెక్కడా పని దొరకదు.

జనం పాతికమంది కూడా లేరు. మేనేజర్ కౌంటర్ ముందే మూయించాడు. ఆ అమ్మాయి మొదటిసారి టైటిల్స్ నుంచి సినిమా చూసింది.

ఇంటర్వెల్ అయ్యాక తొమ్మిదో రీలు పడింది. పొల్లు పోలేదు.

"మూడో రీలు ఏదయ్యా!" హాలంతా గోల.

ఆ అమ్మాయి చటుక్కున లేచి నిలబడింది. పదకొండేళ్ల కిందట ఉద్యోగంలో చేరిన వారం, "ఆ పాట గోడవతల నుంచి వినడమే గానీ చూసే యోగం లేదు బాబాయ్," అని తను ఆయనతో అన్నమాట అప్పుడు గుర్తొచ్చింది. గబగబా మెట్లెక్కింది.

"ఉత్తరం కోసం మానేశావా బాబాయ్?"

"ఉత్తరం మొహం! నువ్వు ముందే చూసేశావుగా. ఇక పొరపాటెందుకూ?"

"ఇన్నేళ్లూ నాకోసం తిట్లు తిన్నావా?"

"తిట్టేవాడి గొంతు అరిగింది గానీ, నాదేం పోయింది?"

వెనకాలే ఆయాసపడుతూ మేనేజర్ వచ్చాడు. గుమ్మంలోనే అంతా విన్నట్టున్నాడు. ముందే రాసిపెట్టుకున్న ఉత్తరం తీసి ఆపరేటర్ జేబులో కుక్కాడు.

"ఇక వెయ్యవయ్యా ఆ దిక్కుమాలిన రీలు. నాకూ దిగులుగా ఉంది."

దుప్పట్లు మళ్లీ ఎగిరాయి. కింద పాతికమందీ తప్పుల హిందీలో అందుకున్నారు. మూడో రీలు కిటికీలోంచి తల బయటపెట్టి, గొంతు చించుకుని అరిచాడు.

"పొరపాటైందండోయ్!"